మా గిర్ని ఆగిన గంటలు

ఆ ఎండాకాలం మా మోటారు రెండుసార్లు కాలిపోయింది. మొదటిసారి ఏడ్చాను. రెండోసారి ఏడుపు కూడా రాలేదు. పదకొండు మంది మిరపకాయల సంచులు ముందు పెట్టుకుని మడిగె బయట నిలబడి ఉన్నారు. వాళ్ళకేం చెప్పాలన్న ఆలోచన తప్ప ఇంకేమీ తోచలేదు.

"ఇగ రాదా అక్కా కరెంటు?" అని ముందు వరుసలో ఉన్నావిడ అడిగింది.

"కరెంటు వచ్చింది వదినా. మోటరే పోయింది" అన్నాను.

మాది పిండి గిర్ని. మదీనాగూడలో బొంబాయి హైవే మీది నుంచి లోపలికి తిరిగితే రెండో గల్లీ. ఒకే మడిగెలో, అంటే ఒక్క గది కొట్టులో, రెండు యంత్రాలు. గోధుమలు, జొన్నలు, బియ్యం పట్టే రాళ్ళ గిర్ని ఒకటి, మిరపకాయలకూ పసుపుకూ వేరే ఒకటి. మేం సదాశివపేట దగ్గరి పల్లె నుంచి వచ్చినవాళ్ళం. మొదట మా మామ నడిపేవాడు. ఆయనకు చూపు మందగించాక గిర్ని నా చేతికి వచ్చింది. మా ఆయన రాయదుర్గంలో ఒక పెద్ద ఆఫీసు టవర్ గేటు దగ్గర సెక్యూరిటీ పని చేస్తాడు.

ప్యాకెట్లలో పిండి దొరికే ఈ రోజుల్లో గిర్నికి ఎవరొస్తారని చాలామంది అడుగుతుంటారు. వస్తారు. ఒకప్పుడు జొన్నలు తెచ్చేది మా జిల్లాల మనుషులే. ఇప్పుడు కంప్యూటర్ ఉద్యోగాలవాళ్ళు షుగర్ టెస్టు చేయించుకుని, ఆ మర్నాడే జొన్నల సంచితో దిగుతున్నారు. జొన్నపిండి పట్టించిన నాలుగైదు రోజుల్లోనే రొట్టె బాగుంటుంది, పాతబడితే అంచులు పగులుతాయి. ఆ సంగతి రెండు రొట్టెలు పాడయ్యాక ఎవరికైనా తెలుస్తుంది. ఎండాకాలం వస్తే మాత్రం అంతా మిరపకాయలే. ఏడాదికి సరిపడా కారం ఆ మూడు నెలల్లోనే పట్టించుకుంటారు. ఆ రోజుల్లో మా గల్లీలో తుమ్మకుండా నడిచే మనిషి ఉండడు.

నడుస్తున్న గిర్నికి కరెంటు పోతే ఏమవుతుందో బయటివాళ్ళకు తెలియదు. పైనున్న గింజలు రాళ్ళ మధ్యకు దిగి ఇరుక్కుపోతాయి. కరెంటు వచ్చాక స్విచ్ వేస్తే మోటారు మూలుగుతుంది తప్ప కదలదు. రాయి వదులు చేసి, ఇరుక్కున్నదంతా ఊడ్చి, మళ్ళీ బిగించాలి. అది అరగంట పని. మూడు ఫేజుల్లో ఒకటి పోయి రెండే మిగిలితే ఇంకా కష్టం. చూసుకోకుండా నడిపితే మోటారు లోపలి తీగచుట్ట కాలిపోతుంది. మా మోటారు రెండుసార్లూ అలాగే కాలింది. ఇక మిరపకాయల సంగతి చెప్పనక్కర్లేదు. డాబా మీద ఎండలో గలగలలాడేదాకా ఎండబెట్టి, ఆ వేడి మీదే తెస్తారు. రెండు గంటలు సంచిలో ఉంటే మెత్తబడతాయి. మెత్తబడ్డ మిరపకాయ నలగదు, యంత్రానికి అంటుకుపోతుంది. వాళ్ళు సంచి ఎత్తుకుని ఇంటికిపోయి మళ్ళీ ఎండబెట్టుకోవాలి. మర్నాడు మా దగ్గరికే వస్తారన్న నమ్మకం లేదు.

ఆ రోజు పదకొండు మందీ సంచులెత్తుకుని వెళ్ళిపోయారు. మోటారు విప్పి, ఆటోలో వేసుకుని, మియాపూర్‌లో వైండింగ్ చేసే తాత దగ్గరికి తీసుకుపోయాను. ఆయన మూత తీసి లోపల వాసన చూశాడు.

"బిడ్డా, రెండు నెలలల్ల రెండుసార్లు కాలిందంటె ఇది మోటర్ తప్పు గాదు. కరెంటు ఎప్పుడు పోతుంది, ఎప్పుడొస్తుంది, జర రాసి పెట్టుకో. ఊకెనే పోతుందంటె ఎవలు వినరు" అన్నాడు.

ఆ మాట పట్టుకున్నాను. మా మడిగెలో గోడకు పెద్ద పెద్ద గడులున్న క్యాలెండర్ ఒకటి వేలాడుతుండేది. కరెంటు పోయిన టైము, వచ్చిన టైము ఆ తేదీ గడిలోనే ఎర్ర పెన్నుతో రాయడం మొదలుపెట్టాను. ఒక ఫేజు పోతే పక్కన చిన్న అడ్డగీత. పెన్ను దారానికి కట్టి మేకుకు తగిలించాను. నేను లేనప్పుడు మా మామ టైము చూసి చెప్పమని ఎవర్నో ఒకర్ని అడిగి, గుర్తుంచుకుని, నేను రాగానే చెప్పేవాడు. చూపు తగ్గినా గిర్ని చప్పుడు ఆగితే ఆయనకు అందరికంటే ముందు తెలుస్తుంది.

మా ఆయన నవ్వేవాడు. "మా టవర్ల కరెంటు పోయిందన్న సంగతే లోపలున్నోళ్ళకు తెల్వది. లైటు ఇట్ల మినుకుమని అట్ల వస్తది, కింద జనరేటర్ మొదలైతది. నువ్వు గడియారం పట్టుకుని కూసున్నవు" అనేవాడు.

లైన్‌మన్‌ను అడిగాను. మంచి మనిషే. ఫోన్ చేస్తే వచ్చేవాడు.

"అక్కా, ఈ ట్రాన్స్‌ఫార్మర్ పెట్టిననాడు ఈ గల్లీల పన్నెండు ఇండ్లున్నయి. ఇప్పుడు చూడు, ఎన్ని అపార్ట్‌మెంట్లు, ఎన్ని ఏసీలు! ఫ్యూజు కొట్టేస్తది. నేనొచ్చి వేస్త. మల్ల కొట్టేస్తది. నేనేం జెయ్యాలె?"

ఏఈ సారు దగ్గరికి కూడా వెళ్ళాను. ఆయన కరెంటు ఆఫీసు ఇంజనీరు, ఈ ప్రాంతమంతా చూసే ఉద్యోగం. బల్ల మీద ఫోన్లు మోగుతూనే ఉన్నాయి. "పెద్ద ట్రాన్స్‌ఫార్మర్‌కు ప్రపోజల్ పంపినమమ్మా" అన్నాడు. ఎప్పుడొస్తుందని అడిగితే చేతులు పైకి చూపించాడు. దేవుణ్ణి చూపించాడో, పైఅధికారులను చూపించాడో అప్పుడు నాకు అర్థం కాలేదు.

అట్లా ఎండాకాలం పోయింది, వానాకాలం పోయింది. క్యాలెండర్ నిండుతూ పోయింది. జనవరిలో కొత్త క్యాలెండర్‌ను పాతదాని మీదే కలిపి కుట్టి రాస్తూ పోయాను. చలి తగ్గుతున్న రోజుల్లో ఒక మధ్యాహ్నం టీచరమ్మ నలుగుపిండి పట్టించుకోవడానికి వచ్చింది.

ఆమెది తెనాలి వైపు. తెలుగు టీచరుగా పనిచేసి రిటైరై, మా గల్లీ చివరి అపార్ట్‌మెంట్‌లో కూతురితో ఉంటుంది. పెసలు, కచ్చూరాలు, ఎండబెట్టిన గులాబీ రేకులు తనే పాళ్ళు కలిపి తెస్తుంది. పేపరు మొదటి అక్షరం నుంచి చివరి అక్షరం దాకా చదువుతుంది. టెండర్ ప్రకటనలు కూడా వదలదు. ఆ రోజు సంచితోపాటు మడిచిన పేపరు ఒకటి నా చేతిలో పెట్టింది.

"ఇది చదవండమ్మా."

నేను పదో తరగతి పాసయ్యాను, చదవగలను. కానీ ఆ ప్రకటన రెండుసార్లు చదివినా తలకెక్కలేదు. ఆమే స్టూలు మీద కూర్చుని విడమరిచి చెప్పింది. కరెంటు రేట్లు పెంచాలంటే పంపిణీ సంస్థ తనంతట తాను పెంచడానికి లేదట. తమ ఖర్చు ఎంతో, ఎవరికి ఎంత పెంచాలనుకుంటున్నారో రాసి నియంత్రణ మండలి ముందు పెట్టాలట. మండలి వాళ్ళు ఒక కోర్టులాగా కూర్చుని, జనం చెప్పేది కూడా విని, ఆ తరువాతే నిర్ణయం చెప్పాలట. ఇన్నేళ్ళుగా బిల్లు కడుతున్నాను, ఈ సంగతి నాకు ఎవరూ చెప్పలేదు.

"మీలాంటి చిన్న మిల్లులకు ఫిక్స్‌డ్ ఛార్జీ పెంచుతామని అడుగుతున్నారండీ. మోటారు సైజును బట్టి నెలనెలా కడతారే, అది. మీరు ఒక్క గంట నడిపినా, అసలు నడపకపోయినా కట్టాల్సిందే. అభ్యంతరం ఉన్నవాళ్ళు రాయవచ్చు, వచ్చి స్వయంగా చెప్పవచ్చు అని ఉంది. మీకు అభ్యంతరం ఉందా, లేదా?"

"ఉన్నది. మస్తున్నది."

"అయితే రాయండి."

"మీరు రాసిపెట్టుండ్రి టీచరమ్మా, నేను సంతకం జేస్త."

"నేనెందుకు రాస్తానండీ? నాకు గిర్ని లేదుగా! మీరే రాయండి. తప్పులుంటే దిద్దుతాను."

ఇంట్లో చెబితే మా ఆయన అన్నం కలుపుతున్న చెయ్యి ఆపాడు.

"లాయర్లు, కంపెనీలోళ్ళు వచ్చే కాడ నువ్వేం మాట్లాడ్తవే?"

"గిర్ని ముచ్చట మాట్లాడ్త. వాళ్ళల్ల ఎవలకన్న తెలుసా గిర్ని ముచ్చట?"

ఆయన మళ్ళీ అన్నం కలుపుకున్నాడు.

మొదట రాసింది ఆరు పేజీలైంది. రాస్తుంటే చేతికి అలుపే లేదు. టీచరమ్మ కళ్ళజోడు సర్దుకుని ఆరు పేజీలూ చదివి, మడిచి నా ఒళ్ళో పెట్టింది.

"కోపం బాగా వచ్చిందండీ. కానీ కరెంటు ఏ రోజు పోయిందో ఒక్కచోటా లేదు. ఆ కుర్చీలో కూర్చున్నాయనకు మీ కోపం ఏం పనికొస్తుంది?"

నాకు చాలా కష్టమనిపించింది. లేచి, పక్కింటావిడ గోధుమలు గిర్నిలో పోయసాగాను. పది నిమిషాలైనా కాకముందే కరెంటు పోయింది. అలవాటుగా గోడ దగ్గరికిపోయి ఎర్ర పెన్ను తీసి రాశాను. వెనక నుంచి టీచరమ్మ గొంతు వినిపించింది.

"అదేమిటమ్మా మీరు రాస్తున్నది?"

చూపించాను. ఆమె ఒక్కో నెలా పైకెత్తి వెనక్కి వెళ్ళింది. గడి గడినీ వేలితో తడుముతూ చాలాసేపు చూసింది.

"ఇది పెట్టుకుని ఆరు పేజీలు తిట్లెందుకు రాశారండీ!" అంది.

ఆ తరువాత వారం రోజులు మధ్యాహ్నం పూట ఇద్దరం కూర్చుని గంటలన్నీ లెక్కగట్టాం. ఆమె ఒకటికి రెండుసార్లు లెక్క సరిచూడందే ముందుకు పోనిచ్చేది కాదు. పొద్దున తొమ్మిదికి ముందు, సాయంత్రం ఏడు తరువాత పోయినవి తీసేయమంది. "గిర్ని నడవని టైములో పోయింది మీ నష్టం కాదు కదండీ" అంది. తీసేయడానికి నాకు మనసొప్పలేదు గానీ తీసేశాను. అన్నీ తీసేశాక మిగిలినవి కూడితే, ఏడాది నిండకుండానే దాదాపు ఒక నెల పనిదినాలు మా గిర్ని కరెంటు లేక ఆగి ఉంది. ఇద్దరం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. నాకే అంత అవుతుందని తెలియదు.

రెండోసారి రాసింది ఒకటిన్నర పేజీ. తేదీలు, గంటలు, మోటారు కాలిన రెండు రోజులు, సంచులు వాపసు పోయిన రోజులు. అంతే. ప్రకటనలో చెప్పిన ప్రకారం ప్రతులు తీయించి, మండలి ఆఫీసులో ఇవ్వడానికి పోయాను. తీసుకునే ఆయన అడిగాడు:

"ఏ సంఘం తరఫునమ్మా?"

"సంఘం లేదు సార్. గిర్ని తరఫున."

ఆయన నా ముఖం చూసి, ముద్ర గట్టిగా కొట్టి, నా ప్రతి నాకిచ్చాడు.

కొన్నాళ్ళకు పంపిణీ సంస్థ నుంచి పోస్టులో జవాబు వచ్చింది. మీ ప్రాంతానికి కరెంటు ఇచ్చే ఫీడర్ మీద సరఫరా సంతృప్తికరంగా ఉంది, అంతరాయాలు చాలా తక్కువ అని రాశారు. ఏడాది పొడుగునా నేను రాసుకున్నదంతా అబద్ధమని ఒక్క కాగితంతో చెప్పేశారు. టీచరమ్మ మాత్రం ఆ కాగితం చూసి ముచ్చటపడింది. "జవాబు రాయక తప్పలేదు చూశారా! మీరు అడిగింది లెక్కలోకి వచ్చిందన్నమాటే" అంది.

మర్నాడు లైన్‌మన్ వస్తే, ఫీడర్ అంటే ఏందన్నా అని అడిగాను. స్తంభం కింద నిలబెట్టి చూపించాడు.

"సబ్‌స్టేషన్ నుంచి వచ్చే పెద్ద లైన్ ఫీడర్. అది పోతె ఆడ మిషన్ల రికార్డు అయితది. నీది పోయేది ఈడ, ఈ ట్రాన్స్‌ఫార్మర్ కాడ. ఫ్యూజు కొట్టేస్తె పైన లైన్ మంచిగనే ఉంటది. మీరు ఫోన్ చేస్తెనే నాకు తెలుస్తది. ఆఫీసుల ఎట్ల తెలుస్తది?"

"అంటె మా కరెంటు పోయింది వాళ్ళ రికార్డుల ఉండదా?"

"ఎట్లుంటది అక్కా?"

ఆ స్తంభం కిందే నాకు అంతా అర్థమైంది. వాళ్ళూ అబద్ధం చెప్పలేదు, నేనూ చెప్పలేదు. కానీ మా గల్లీ చీకటి వాళ్ళ పుస్తకంలోకి ఎక్కే దారే లేదు.

విచారణ రోజున క్యాలెండర్‌ను చుట్టి, పాత చీర ముక్కలో కట్టుకుని మెట్రో ఎక్కాను. పక్కన టీచరమ్మ. మా ఆయన మధ్యాహ్నం డ్యూటీకి మార్చుకుని, అటు నుంచి అటే పోవచ్చని యూనిఫాంలోనే వచ్చాడు. హాలు నిండా మనుషులు. ఎదురుగా ఎత్తు బల్ల వెనక మండలి ఛైర్మన్, ఇద్దరు సభ్యులు. ఒక పక్క పంపిణీ సంస్థ ఇంజనీర్లు వరుసగా, ముందు దొంతరలుగా ఫైళ్ళు. ఒక పరిశ్రమల ప్రతినిధి ఇంగ్లీషులో చాలాసేపు మాట్లాడాడు. తరువాత ఐటీ టవర్ల యజమానుల తరఫున ఒక సలహాదారు తెర మీద గీతలు, బొమ్మలు చూపించి, డీజిల్ జనరేటర్ల ఖర్చు గురించి చెప్పాడు. నా అరచేతులు చెమటతో తడిసిపోయాయి. చదువుదామని తెచ్చుకున్న కాగితం మెత్తబడింది.

నా వంతు వచ్చింది. మైకు నా తలకంటే ఎత్తులో ఉంది. ఎవరో వచ్చి దించారు.

"చెప్పండమ్మా" అన్నాడు ఛైర్మన్.

కాగితం తెరిచాను. అక్షరాలు అలుక్కుపోయినట్టు కనిపించాయి. మూసేశాను.

"సార్, నేను మదీనాగూడల గిర్ని నడుపుత. నాకు ఇంగ్లీష్ రాదు. ఫిక్స్‌డ్ ఛార్జీ పెంచుతమంటున్నరు. నేను దాన్ని కిరాయి అనుకుంట. మీ వైరుకు, మీ ట్రాన్స్‌ఫార్మర్‌కు నేనిచ్చే కిరాయి. ఇల్లు కిరాయికి ఇచ్చినాయన ఏడాదిల ఒక నెల తాళమేసి బయట నిలబెడితె, కిరాయి తగ్గియ్యాలె గని పెంచుతడా సార్? నేను పన్నెండు నెలల కిరాయి కట్టిన. పదకొండు నెలలే కరెంటు ఇచ్చిండ్రు. ఏ రోజు, ఏ గంట ఇయ్యలేదో రాసుకొచ్చిన."

మూట విప్పి క్యాలెండర్ తెరిచి పట్టుకున్నాను. ఎర్ర రాతలు హాలు చివరిదాకా కనిపించాయని తరువాత మా ఆయన చెప్పాడు.

ఛైర్మన్ ఇంజనీర్ల వైపు తిరిగాడు. వాళ్ళలో పెద్దాయన లేచాడు.

"సార్, మా రికార్డు ప్రకారం ఆ ఫీడర్ మీద అంతరాయాలు చాలా తక్కువ. ఈమెకు రాతపూర్వకంగా తెలియజేశాం."

ఛైర్మన్ మళ్ళీ నన్ను చూశాడు. "ఏమంటారమ్మా?"

"సార్ చెప్పింది నిజమే. ఫీడర్ పోలేదు. పోయింది ఫీడర్ కింద మా గల్లీ ట్రాన్స్‌ఫార్మర్ కాడ. పైన లైన్ ఉన్నా కింద మా గిర్ని నడువది. అట్ల పోయింది వాళ్ళ రికార్డుల రాదట. వస్తదా రాదా మీరే అడుగుండ్రి సార్."

ఛైర్మన్ పెన్ను కింద పెట్టాడు.

"ట్రాన్స్‌ఫార్మర్ దగ్గర పోయిన కరెంటు మీ రికార్డులోకి వస్తుందా?"

పెద్దాయన పక్కనున్న వాళ్ళతో ఏదో మాట్లాడాడు. ఫైలు ఒకటి తిరగేశారు.

"ప్రస్తుతానికి రావడం లేదు సార్."

"అంటే, ఆ గల్లీ గురించి ఈ క్యాలెండర్ తప్ప ఇంకో రికార్డు ఎవరి దగ్గరా లేదన్నమాట."

ఇంజనీర్ ఫైలు మూశాడు. వెనక ఎక్కడో ఒకరు చప్పట్లు కొట్టారు. తరువాత చాలామంది. ఛైర్మన్ చెయ్యెత్తి ఆపి, క్యాలెండర్ మండలికి ఇస్తారా అని అడిగాడు.

"ఇస్త గని సార్, వాపస్ ఇయ్యాలె. మా బిడ్డ పరీక్షల తారీఖులు దాని మీదనే రాసుకుంది."

హాలంతా నవ్వింది. ఇంజనీర్ కూడా నవ్వాడు. ఒక ఉద్యోగి ఒక్కో నెలా కాపీ తీయించి, ప్రతి కాపీ మీద నా సంతకం పెట్టించుకుని, అసలుది నాకే ఇచ్చాడు.

భోజనాల దగ్గర పులిహోర ప్లేటు పట్టుకుని నిలబడి ఉంటే, తెర మీద బొమ్మలు చూపించిన సలహాదారు మమ్మల్ని వెతుక్కుంటూ వచ్చాడు.

"అమ్మా, మా దగ్గర డీజిల్ లెక్కలున్నాయి గానీ, కరెంటు ఎప్పుడు పోయిందో ఏ రోజుకారోజు రాసినవాళ్ళు మా టవర్లలో ఒక్కరూ లేరండి. ఫోటో తీసుకోవచ్చా?"

క్యాలెండర్ తెరిచాం. ఫోటో తీయడానికి ఆయన ఫోన్ టీచరమ్మ అందుకుంది. గాలికి ఎగురుతుంటే ఒక కొస ఆయన పట్టుకున్నాడు, ఇంకో కొస మా ఆయన పట్టుకున్నాడు. ఇలాంటివాళ్ళ కార్లకు రోజూ గేటు తీసి సలాం కొట్టే మనిషి మా ఆయన. "సార్, జర గట్టిగ పట్టుకోండి, ఫోటో మంచిగ రావాలె" అని చెబుతుంటే చూశాను. డ్యూటీకి పోతూ పోతూ నా వైపు తిరిగి, "మంచిగ మాట్లాడినవ్" అన్నాడు. పెళ్ళయిన ఇన్నేళ్ళలో ఆయన నోటి నుంచి నేను విన్న పెద్ద పొగడ్త అదే.

తీర్పు రావడానికి కొన్ని వారాలు పట్టింది. టీచరమ్మ కూతురు దాన్ని మండలి వెబ్‌సైట్ నుంచి ఫోన్లోకి దించుకుంది. వందల పేజీలు. టీచరమ్మ వెతికి వెతికి, ఒకరోజు పొద్దున్నే గిర్ని తెరవకముందే వచ్చి నిలబడింది. చీర కుచ్చిళ్ళు కూడా సర్దుకోలేదు.

"ఉన్నారండీ! మీరున్నారు!"

మదీనాగూడకు చెందిన పిండి గిర్ని నిర్వాహకురాలు అని మొదలుపెట్టి, నేను చెప్పింది ఒక పేరా. కింద సంస్థ జవాబు. దాని కింద మండలి అభిప్రాయం. చిన్న మిల్లులకు అడిగిన ఫిక్స్‌డ్ ఛార్జీ పెంపు ఒప్పుకోలేదు. ఇళ్ళు కిక్కిరిసిన ప్రాంతాల్లో ట్రాన్స్‌ఫార్మర్ల దగ్గర పోయే కరెంటు కూడా ఇకమీదట రికార్డు చేయాలన్నారు. మా గల్లీని గడువులోపల పరిశీలించి, ఏం చేశారో తెలియజేయాలన్నారు. టీచరమ్మ పైకి చదువుతుంటే, ఇస్త్రీ బండి ఆమె, టిఫిన్ సెంటర్ ఆయన, పాలకు పోతున్నవాళ్ళు ఆగి విన్నారు. మా మామ ఆ కిరాయి మాట ఉన్న వాక్యం మళ్ళీ చదవమన్నాడు. అదైపోయాక ఇంకోసారి చదవమన్నాడు.

రెండు వారాల తరువాత ఏఈ సారు తనే మా మడిగెకు వచ్చాడు. ఏమైనా అంటాడేమోనని భయపడ్డాను. చెప్పులు గడప బయట విడిచి లోపలికి వచ్చి, పిండి ఉన్న స్టూలు మీదే కూర్చున్నాడు.

"అమ్మా, మీ గల్లీ ట్రాన్స్‌ఫార్మర్‌కు నేను మూడుసార్లు ప్రపోజల్ పెట్టిన. ఫీడర్ మంచిగనే ఉంది కద, తొందరేముంది అని మూడుసార్లు పక్కకు పెట్టిండ్రు. ఈసారి మీ పేరా జిరాక్స్ తీసి పైన పెట్టిన. వారంల శాంక్షన్ అయింది."

ఆ రోజు ఆయన చేతులు పైకి ఎందుకు చూపించాడో నాకు అప్పుడు తెలిసింది. చాయ్ తెప్పించాను. తాగుతూ మా క్యాలెండర్ ముందు నిలబడి చాలాసేపు చూశాడు. "గీ అడ్డగీతలేంది?" అని అడిగితే ఫేజు పోయిన గుర్తని చెప్పాను. ఫోన్ తీసి ఫోటో తీసుకున్నాడు.

కొత్త ట్రాన్స్‌ఫార్మర్ ఒక గురువారం పొద్దున క్రేన్ మీద వచ్చింది. గల్లీలో కార్లన్నీ తీయించారు. అపార్ట్‌మెంట్ల బాల్కనీల్లో జనం, కింద జనం. పాతది దింపుతుంటే తాళ్ళు కిర్రుమన్నాయి. కొత్తది గద్దె మీద కూర్చునేసరికి మధ్యాహ్నం దాటింది. ఎవరో కొబ్బరికాయ తెచ్చారు, ఇంకెవరో పసుపు తెమ్మన్నారు. పసుపుకు మా గిర్నికి కాక ఇంకెక్కడికి పోతారు? ఇచ్చాను. లైన్‌మన్ పైన చివరి ఫ్యూజు వేసి, అక్కడి నుంచే కేక పెట్టాడు.

"అక్కా, ఇగ వెయ్యి!"

రాళ్ళ గిర్ని వేశాను. తిరిగింది. పాత ట్రాన్స్‌ఫార్మర్ ఉన్నన్నాళ్ళూ ఎన్నడూ చేయని పని చేశాను. అది తిరుగుతుండగానే రెండోది కూడా వేశాను. గోడ మీద లైటు కాస్తయినా మసకబారలేదు. రెండు యంత్రాలూ ఒక్కసారిగా హోరెత్తుతుంటే మా మామ రెండు చేతులూ జోడించి గోడకు ఆనుకుని నిలబడ్డాడు. నేను కొంగుతో కళ్ళు తుడుచుకున్నాను. ఇస్త్రీ బండి ఆమె చూసి ఏడుస్తున్నావా అంది. కారం ఘాటు అన్నాను. ఆమె నవ్వింది. ఆ రోజు ఇంకా మిరపకాయల సంచి ఒక్కటీ విప్పలేదు.

మర్నాటి నుంచి సంచులే సంచులు. రెండు గల్లీల అవతలి వాళ్ళు కూడా వచ్చారు. మిగిలిన ఎండాకాలం అంతా పొద్దున తొమ్మిదికి మొదలుపెడితే సాయంత్రం దాకా యంత్రం ఆపే పని లేదు. చేతులు మంట, కళ్ళు మంట, ఒంటి నిండా ఎర్రపొడి. మొత్తం మీద కరెంటు పోయింది రెండే రెండుసార్లు. రెండుసార్లూ కొమ్మలు కొట్టడానికి ఆపుతున్నామని కరెంటు సెక్షన్ ఆఫీసు నుంచి ముందే ఫోన్ వచ్చింది. రెండోసారి ఆఫీసాయన ఫోన్ చేసినప్పుడు నా ముందు పద్నాలుగు మంది లైన్లో ఉన్నారు. చప్పుడులో సరిగ్గా వినపడలేదు.

"జర పనిల ఉన్న సార్, పది నిమిషాలాగి మల్ల చెయ్యుండ్రి" అన్నాను.

సరేనమ్మా అని పెట్టేశాడు. సరిగ్గా పది నిమిషాలకు మళ్ళీ చేశాడు.